జవాబు చెప్పిన పాట



తప్పు ఇద్దరిదీ అయినా మాట పడేది ఆడదే. ఇది మన దగ్గరే అనుకుంటాం గాని, అమెరికాలోనూ అంతే. ఆ సంగతిని పాటలో నిలదీసిన ఒక ఇల్లాలిని గురించి నాలుగు మాటలు చెబుతాను. ఆవిడ పేరు కిట్టీ వెల్స్.

అమెరికా దక్షిణాది పల్లెల్లో, గిటారు, ఫిడేలు తోడుగా పెరిగిన పాటను అక్కడివాళ్ళు 'కంట్రీ సంగీతం' అంటారు. దానికి పట్టుగొమ్మ నాష్‌విల్ నగరం. కిట్టీ 1919 ఆగస్టు 30న అక్కడే పుట్టింది. అసలు పేరు ఎలెన్ మ్యూరియల్ డీసన్. గిటారు తండ్రి దగ్గర నేర్చుకుంది. చదువు మధ్యలో మానేసి చొక్కాల ఫ్యాక్టరీలో ఇస్త్రీ పనికి వెళ్ళింది. 1937లో జానీ రైట్ అనే గాయకుణ్ణి పెళ్ళాడింది. ఓ పాత పాటలోని పేరు తీసి ఆమెకు 'కిట్టీ వెల్స్' అని పెట్టింది ఆయనే.

ముగ్గురు పిల్లలు. అంతకుముందు ఇచ్చిన రికార్డులు అమ్ముడుపోలేదు. ఇక పాట చాలించి ఇల్లు చూసుకుందామనుకుంటున్న రోజులవి. 1952లో హాంక్ థాంప్సన్ పాట ఒకటి ఊరూరా మోగుతోంది. తనను వదిలి సారా దుకాణాల వెలుగుల్లోకి పోయిన ఆడదాన్ని నిందిస్తూ మగవాడు పాడే పాట అది. దానికి జవాబుగా జె.డి. మిల్లర్ అనే ఆయన మరో పాట రాశాడు. ఆడది దారి తప్పితే నేరం ఆమె ఒక్కతెదేనా, ఆమెను మోసగించిన మగవాడి మాటేమిటి అని దాని సారాంశం. కిట్టీకి దానిమీద పెద్ద ఆశలేమీ లేవు. రికార్డింగుకు ముట్టే 125 డాలర్లు ఇంటికి అక్కరకొస్తాయని ఒప్పుకుంది. మే 3న పాడి వచ్చి, ఇంటిపనిలో పడిపోయింది.

తీరా పాట బయటికొచ్చాక ఎన్.బి.సి. రేడియో ప్రసారం చేయమంది. నాష్‌విల్‌లోని పేరున్న సంగీత వేదిక 'గ్రాండ్ ఓల్ ఆప్రీ' కూడా మొదట కాదంది. రేడియోలో మాట్లాడే నాకు ఇది చెప్పడం కొంచెం ఇబ్బందిగానే ఉంది. మగవాడి నింద ప్రసారానికి పనికొచ్చింది, ఆడదాని జవాబు పనికిరాలేదు! కాని జనం ఊరుకున్నారా? రికార్డులు కొన్నారు. బిల్‌బోర్డ్ పత్రిక కంట్రీ పాటల పట్టికలో ఆరు వారాలు ఆ పాటదే మొదటి స్థానం. ఒంటరిగా పాడిన స్త్రీకి అక్కడ ఆ స్థానం దక్కడం అదే తొలిసారి.

ఆడవాళ్ళ రికార్డులు అమ్ముడుపోవనే కంపెనీల నమ్మకం దాంతో సడలింది. తర్వాత పాట్సీ క్లైన్, లొరెట్టా లిన్ వంటివారికి దారి సుగమమైంది. 1976లో కంట్రీ సంగీత ప్రముఖుల సరసన ఆమెకు శాశ్వత స్థానమిచ్చారు. 1991లో గ్రామీ సంస్థ జీవిత సాఫల్య పురస్కారం అందించింది. డెబ్బై మూడేళ్ళకు పైగా కాపురం చేసిన భర్త 2011లో పోయారు. మరుసటి ఏడాది జూలై 16న, 92వ ఏట, ఆమే కన్నుమూసింది.

ఆవిడ గొంతులో ఆర్భాటం లేదు. ఒద్దికగా నిలబడి, మాట తేటగా వినిపించేలా పాడేది. పాట రాసింది మగవాడే, కాదనను. కాని ఓ ఇల్లాలి గొంతులో పలికాకే కదండీ, అది జవాబయింది!