ఎన్ని జట్లు మారినా



మన సరిహద్దు జిల్లాల్లో అందరి నోటా ఉన్న మాట ఒకటుంది: బొగ్గుబాయి, బొంబాయి, దుబాయి. సొంత ఊళ్లో పని దొరకనివాడికి మిగిలే దారులు ఈ మూడేనని దాని అర్థం. మీ ఇంట్లోనో, పక్కింట్లోనో వీటిలో ఒక దారి పట్టిపోయినవారు ఉండే ఉంటారు. వాళ్ల సంగతి వచ్చినప్పుడు ఊళ్లో మొదట అడిగే ప్రశ్న, "ఇప్పుడెక్కడ చేస్తున్నాడు?" అని. పోయిన పండగకు చెప్పిన చోటు ఈ పండగకు ఉండదు. నిరుడు ఒక మేస్త్రీ దగ్గర, ఈ ఏడు ఇంకో మేస్త్రీ దగ్గర. ఆ జవాబు వినగానే మనం, "నిలకడ లేని మనిషి" అని తేలిగ్గా తీసిపారేస్తాం.

ఆ మాట ఎంతవరకు న్యాయమో ఈ పూట కాస్త ఆలోచిద్దాం. అందుకోసం మీకు ఒక ఆటగాడి చరిత్ర చెబుతాను. ఆయన దాదాపు 47 ఏళ్లపాటు ఎన్నో జట్లు మారుతూ ఆడిన మనిషి, తెలుగువాడు. ఆయన పేరు మోగింది కూడా మన కూలీలు కట్టిన బొంబాయిలోనే.

ముందు ఆ కూలీల సంగతి. ఇప్పుడు ముంబాయి అంటున్న నగరం ఒకప్పుడు ఏడు దీవులు. వాటి మధ్య పల్లపు నేలల్లోకి సముద్రం వచ్చిపోయేది. 18వ శతాబ్దం చివర్లో హార్న్‌బీ వెల్లార్డ్ అనే కట్ట వేసి ఆ నీటిని ఆపారు. తేలిన నేల మీద, సుమారు 1795 నుంచి, నిజాం రాజ్యం వైపు నుంచి వచ్చిన తెలుగు పనివాళ్లు గుడిసెలు వేసుకున్నారు. కామాటి అంటే మన భాషలో కూలిపని చేసేవాడు. అలా ఆ పేటకు కామాటిపుర అని పేరొచ్చింది. ఈనాడు ఆ పేరు వినగానే చాలామందికి వేరే సంగతులు గుర్తుకొస్తాయి. అసలు పేరు మాత్రం రాళ్లు మోసిన తెలుగువారిది. వాళ్లలో కొందరు పెద్ద కాంట్రాక్టర్లుగా ఎదిగారు. జ్యోతిరావు ఫూలే 1873లో పుణేలో సత్యశోధక సమాజాన్ని స్థాపించినప్పుడు బొంబాయిలో అండగా నిలిచినవారిలో జాయా కరాడి లింగు, రామయ్య వెంకయ్య అయ్యవారు వంటి తెలుగువారున్నారు. తరువాతి కాలంలో బట్టల మిల్లులు వచ్చాయి. మన పద్మశాలీలు మగ్గం విడిచి మిల్లుకు వెళ్లి, వర్లీ, ప్రభాదేవి, లోయర్ పరేల్ చాళ్లలో ఒక్కొక్క గదిలో సంసారాలు పెట్టుకున్నారు.

ఈ కామాటిపుర నుంచి దక్షిణంగా గంట నడిస్తే బొంబాయి జింఖానా మైదానం వస్తుంది. మన కథానాయకుడు అక్కడ కనిపిస్తాడు. ఆయన కొఠారి కనకయ్య నాయుడు. లోకానికి సి.కె. నాయుడు.

ఒక తేడా ముందే చెప్పుకోవాలి. నాయుడుగారు కూలీ ఇంటి బిడ్డ కాదు. మచిలీపట్నం మూలాలున్న కలిగిన కుటుంబం వారిది. తాతగారి కాలానికే నాగపూరులో స్థిరపడ్డారు. నాయుడుగారు అక్కడే 1895 అక్టోబరు 31న పుట్టారు. కాబట్టి ఆయన కష్టమూ చాలు మనిషి కష్టమూ ఒకటేనని నేను అనను. కాని పరాయి గడ్డ మీద ఒకరి తరువాత ఒకరి దగ్గర పనిచేసి పేరు నిలుపుకోవడమనే చోట ఇద్దరి దారీ కలుస్తుంది.

ఆ రోజుల్లో బొంబాయి క్రికెట్ జట్లు ఊళ్ల పేరు మీద కాక మతాల పేరు మీద ఉండేవి. యూరోపియన్లు, పార్సీలు, హిందువులు, ముస్లిములు, ఈ నాలుగు జట్లకూ ఏటా పోటీ జరిగేది. 1916లో నాయుడు హిందూ జట్టు తరఫున యూరోపియన్ల మీద ఆడటానికి దిగారు. అప్పటికి ఏడుగురు ఔటయ్యారు. పరుగులు 79. మొదటి మూడు బంతులు అడ్డుకుని, నాలుగో బంతిని సిక్సరు కొట్టారు. పెద్ద ఆటలో ఆయన చేసిన తొలి పరుగులు అవే.

పదేళ్లు గడిచాయి. 1926లో ఆర్థర్ గిలిగన్ నాయకత్వంలో ఎం.సి.సి. జట్టు ఇంగ్లండు నుంచి వచ్చింది. జింఖానా మైదానంలో హిందూ జట్టుతో ఆట. ముందు ఇంగ్లీషువారి గై ఎర్ల్ ఎనిమిది సిక్సర్లతో 130 పరుగులు చేశాడు. మనవాళ్లకు ఇక దారి లేదనుకున్నారు. మరునాడు, డిసెంబరు 1న, నాయుడుగారు బ్యాటు పట్టారు. రెండు గంటలు నిండకముందే 153 పరుగులు. అందులో 11 సిక్సర్లు. దొరల కోసం కట్టిన క్లబ్బు మైదానంలో దొరల బంతి బయటకు పోతూ ఉంటే చూసినవారికి ఎలా ఉండి ఉంటుందో మీరే ఊహించండి. భారతీయులు ఇంగ్లండుతో సమానంగా ఆడగలరన్న నమ్మకం ఆ రోజు గట్టిపడింది. రెండేళ్లకు, 1928 డిసెంబరులో, క్రికెట్ నియంత్రణ మండలి ఏర్పడింది.

మరి ఆయనకు తిండి ఎవరు పెట్టారు? ఆటకు జీతం లేని కాలం అది. ఆటగాడికి కావలసింది ఒక రాజుగారి కొలువు. 1923లో ఇందూరు హోల్కర్ మహారాజు నాయుడుగారిని పిలిపించి తన సైన్యంలో కెప్టెన్ పదవి ఇచ్చారు. తరువాత కర్నల్ అయ్యారు. ఆయన చేతిలో బ్యాటు ఉన్నా జనం కర్నల్ అనే పిలిచేవారు. 1941లో బాత్‌గేట్ లివర్ టానిక్ ప్రకటనకు తన పేరు ఇచ్చారు. మన దేశంలో క్రికెట్ ఆటగాడు ఒక సరుకుకు అలా పేరివ్వడం అదే మొదలంటారు.

1932 జూన్ 25న లండన్ లార్డ్స్ మైదానంలో భారతదేశం తొలి టెస్టు ఆడింది. పర్యటన నాయకుడైన పోరుబందరు మహారాజు పక్కకు తప్పుకోగా, జట్టును నడిపినవారు నాయుడుగారు. మొదటి ఇన్నింగ్స్‌లో మనవారిలో అందరికంటే ఎక్కువ పరుగులు ఆయనవే, 40. మన గడ్డ మీద తొలి టెస్టు 1933 డిసెంబరు 15న మొదలైంది. మళ్లీ అదే బొంబాయి జింఖానా. నాయకుడు మళ్లీ నాయుడుగారే. లాలా అమర్‌నాథ్ 118 కొడితే, ఆయనకు తోడుగా నిలిచి నాయుడుగారు 67 చేశారు. ఆట ఓడిపోయాం. కాని మన దేశపు తొలి టెస్టు సెంచరీ ఆ చాళ్ల నగరంలోనే పుట్టింది.

ఆ తరువాత ఆయన జట్లు చూడండి. సెంట్రల్ ప్రావిన్సెస్ అండ్ బేరార్, సెంట్రల్ ఇండియా, 1941 నుంచి హోల్కర్. ఆయన తమ్ముడు సి.ఎస్. నాయుడు కూడా అలాంటివాడే. బరోడా, హోల్కర్, బెంగాల్, ఆంధ్ర, ఎందరి తరఫునో బంతి వేశాడు. 1945లో బొంబాయి బ్రబోర్న్ మైదానంలో రంజీ ట్రోఫీ ఫైనల్ జరిగింది. అన్నదమ్ములిద్దరూ హోల్కర్ వైపు. ఆ ఒక్క ఆటలో తమ్ముడు 917 బంతులు వేశాడు. 11 వికెట్లు తీసి 428 పరుగులు ఇచ్చుకున్నాడు. హోల్కర్ ఓడింది. ఇందూరులో ఉద్యోగమే తప్ప పుట్టుక లేని మనిషి ఆ జట్టు కోసం భుజం అరిగేలా శ్రమించాడు. "నా ఊరి జట్టు కాదు కదా" అనుకుంటే పడే కష్టమేనా అది?

1952లో మళ్లీ ఫైనల్, మళ్లీ బొంబాయి మీద. సి.కె.కు అప్పటికి 56 ఏళ్లు. దత్తు ఫడ్కర్ వేసిన బంతి ఎగసి మూతికి తగిలి పళ్లు ఊడిపోయాయి. ఊడిన పళ్లను బ్యాటుతో పక్కకు నెట్టేసి, వైద్యం వద్దని, వేగం తగ్గించవద్దని చెప్పి ఆడారని ఇప్పటికీ చెప్పుకుంటారు. హోల్కర్ జట్టు నాలుగుసార్లు రంజీ ట్రోఫీ గెలిచింది. ఎక్కువ ఏళ్లు దాన్ని నడిపింది ఆయనే.

ఇక్కడ ఒక్క క్షణం ఆగుదాం. ఆయన వదిలిన జట్లు ఏమయ్యాయి? మతాల పేరుతో జరిగిన పోటీలను 1940లో గాంధీజీ తప్పుపట్టారు. 1946 తరువాత అవి లేవు. హిందూ జట్టు పోయింది. 1948లో హోల్కర్ సంస్థానం మధ్యభారత్‌లో కలిసింది. కొన్నేళ్లకు హోల్కర్ జట్టూ పోయింది. మతం పేరు పోయింది, రాజు పేరు పోయింది, ఆటగాడు మిగిలాడు. ఆయన జట్లు మారడానికి సగం కారణం, ఆయన కాళ్ల కింద దేశమే మారడం.

1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది. ఆ ఏడే రంజీ పోటీల్లోకి ఆంధ్ర జట్టు వచ్చింది. దానికి నాయకత్వం వహించడానికి వచ్చినవారు సి.కె. నాయుడు. వయసు 58. భాష పేరు మీద ఏర్పడిన రాష్ట్రానికి, పుట్టి పెరిగింది మరాఠీ, హిందీల మధ్య అయిన తెలుగువాడు నాయకుడయ్యాడు. నువ్వు నాగపూరువాడివి కదా అని ఆయన్ను పక్కన పెట్టలేదు. ఆయనా నా వయసు అయిపోయిందని వెనకాడలేదు. 1956-57లో, 61వ ఏట, ఉత్తరప్రదేశ్ జట్టును నడిపారు. 1963-64లో, 68వ ఏట, మహారాష్ట్ర గవర్నరు జట్టుకూ ముఖ్యమంత్రి జట్టుకూ జరిగిన సహాయార్థ పోటీలో చివరిసారి బ్యాటు పట్టారు. 1967 నవంబరు 14న ఇందూరులో కన్నుమూశారు. ఆయన కుమార్తె చంద్రా నాయుడు మన దేశంలో క్రికెట్ వ్యాఖ్యానం చెప్పిన తొలి మహిళల్లో ఒకరు. ఆట గొంతు కూడా ఆ ఇంట్లోనే నిలిచింది.

ఇప్పుడు ఆయన ఎవరివాడు? నాగపూరువారు మావాడంటారు, ఇందూరువారు మావాడంటారు, బందరువారు మావాడంటారు. ముగ్గురిదీ నిజమే. సరిహద్దులో ఉన్న మనకు ఇది కొత్తగా అనిపించదు. ఒక భాషలో బేరమాడి, ఇంకో భాషలో అమ్మను పిలిచే ఊళ్లు మనవి.

మళ్లీ చాలుకు వద్దాం. 1982 జనవరి 18న బొంబాయి మిల్లు కార్మికులు దత్తా సామంత్ పిలుపు మీద సమ్మెకు దిగారు. సుమారు రెండున్నర లక్షలమంది. ఆ తరువాత ఎన్నో మిల్లులు మళ్లీ తెరుచుకోలేదు. వాటిలో నూలు తీసిన మన తెలుగువారు కొందరు సంచీ పట్టుకుని ఊరికొచ్చారు, కొందరు కట్టడాల పనికి, కొందరు కుట్టుపనికి, కొందరు కాపలాకు మళ్లారు. వాళ్లు మిల్లు వదల్లేదు, మిల్లే వాళ్లను వదిలింది. హోల్కర్ జట్టు పోయినా నాయుడుగారికి కర్నల్ అన్న గౌరవం మిగిలింది. మిల్లు పోయినవాడికి ఊళ్లో మనం ఇచ్చిన పేరు "నిలకడ లేనివాడు". ఒకే పనికి ఒకరికి విగ్రహం, ఇంకొకరికి వెక్కిరింత. ఇది మనం ఆలోచించుకోవలసిన సంగతి.

అందుకని శ్రోతలారా, ఈసారి పండగకు బొంబాయి బస్సు దిగి మీ వాకిట్లోకి వచ్చే మనిషిని "ఎన్ని చోట్లు మారావురా?" అని అడగకండి. "ఏమేం పనులు నేర్చావు? ఏమేం కట్టావు?" అని అడగండి. చెప్పనివ్వండి. ఒక్కొక్క చోటూ ఒక్కొక్క ఆటలా బయటికి వస్తుంది. పిల్లల్ని కూడా పక్కన కూర్చోబెట్టుకుని వినండి. మన జిల్లాల చరిత్రలో సగం ఇంకా ఎవరూ రాయలేదు. అది అలాంటి మనుషుల నోళ్లలోనే ఉంది.

సెలవు.