ఉరుముల దొర బయలు

యలమంచిలి చుట్టుపక్కల చర్చిలకు వెళ్ళే పిల్లల్లో ఏలీయా ప్రవక్త కథ తెలియనివాళ్ళు అరుదు. కర్మెలు కొండ మీద ఒకవైపు ఏలీయా ఒక్కడే, మరోవైపు బయలు ప్రవక్తలు 450 మంది. ఎవరి దేవుడు నిప్పు కురిపిస్తే వాడే దేవుడని పందెం. పొద్దుటి నుంచి సాయంత్రం దాకా బయలు పూజారులు అరిచి, గెంతి, కత్తులతో ఒళ్ళు కోసుకున్నా చీమ చిటుక్కుమనలేదు. ఏలీయా ఒక్కసారి ప్రార్థించగానే మంట దిగింది. కథ అయ్యేసరికి బయలు అంటే ఉలకని పలకని బొమ్మ అనే మాటే మిగులుతుంది.

ఆ కథను మన భాషలోకి తెచ్చిన పని మొదలైంది కూడా ఇక్కడికి దగ్గర్లోనే. 1805లో లండన్ మిషనరీ సొసైటీ తరఫున జార్జ్ క్రాన్, ఆగస్టస్ డెగ్రాంజెస్ విశాఖపట్నంలో దిగి, తెలుగు నేర్చుకుని బైబిలు అనువాదానికి కూర్చున్నారు. తర్వాతి తరాల్లో జాన్ హే అదే ఊళ్ళో ఉండి ఆ పనిని ఏళ్ళ తరబడి సాగించాడు. 19వ శతాబ్దం చివర్లో కెనడా బాప్టిస్టు మిషన్ తన కేంద్రాల్లో ఒకటిగా యలమంచిలిని ఎంచుకుంది. అలా కనాను దేశపు వాన దేవుడి పేరు శారదా నది ఒడ్డు దాకా వచ్చింది, అదీ ప్రతినాయకుడి వేషంలో.

వాది చెప్పింది విన్నాం. ప్రతివాది వాంగ్మూలం మాత్రం మూడు వేల ఏళ్ళకు పైగా మట్టిలోనే ఉండిపోయింది.

1928లో సిరియా సముద్రతీరాన, లతాకియా పట్టణానికి ఉత్తరంగా, మినెత్ ఎల్ బైదా అనే చోట ఒక రైతు పొలం దున్నుతుంటే నాగలికి రాతిపలక తగిలింది. పలక కింద సమాధి గది ఉంది. అప్పట్లో ఆ దేశం ఫ్రెంచివారి ఏలుబడిలో ఉండేది. మరుసటి ఏడు క్లాడ్ షేఫర్ అనే పురావస్తు శాస్త్రవేత్త మనుషుల్ని వెంటబెట్టుకొచ్చి తవ్వకాలు మొదలుపెట్టాడు. పక్కనే ఉన్న రాస్ షమ్రా దిబ్బ కింద ఏకంగా ఒక నగరమే బయటపడింది. దాని పేరు ఉగారిత్. క్రీ.పూ. 1185 ప్రాంతంలో తగలబడి, మళ్ళీ లేవని రేవు పట్నం. అందులో దొరికిన మట్టి పలకల మీది రాత చూడటానికి బాబిలోనియా మేకుల లిపిలాగే ఉంది కానీ గుర్తులు ముప్ఫయ్యే. అంటే అది అక్షరమాల. హన్స్ బాయర్, ఎదువార్ దోర్మ్, షార్ల్ వీరోలో అనే ముగ్గురు ఎవరికి వారే కుస్తీపట్టి 1930 నాటికి దాన్ని విప్పేశారు.

ఆ పలకల్లో ఆరింటి నిండా బయలు కథే. రాసినవాడు ఇలిమిల్కు అనే లేఖకుడు. చివర్న తన పేరూ, గురువు పేరూ, రాజు నిక్మద్దు పేరూ రాసుకున్నాడు. ఇంత పాత కావ్యానికి రాయసకాడు ఫలానా అని చెప్పగలగడం అదృష్టమే.

ఇంతకీ బయలు అంటే దొర, యజమాని. అది బిరుదు. అసలు పేరు హద్దు. మెసొపొటేమియాలో అదదు అన్నా, అరామీయులు హదదు అన్నా ఈయనే. అలెప్పో కోట దిబ్బ మీద ఈ దేవుడి గుడి ఉగారిత్ పలకల కంటే వెయ్యేళ్ళు పాతది. ఐగుప్తుకు నైలు ఉంది, బాబిలోనియాకు రెండు నదుల కాలవలు ఉన్నాయి. కనాను రైతుకు అలాంటి ఆసరా లేదు. అక్టోబరు నుంచి ఏప్రిల్ లోపల ఆకాశం ఎంత ఇస్తే అంతే. వేసవిలో చుక్క పడదు. వానే దిక్కయిన చోట వాన దేవుడే దొర అవుతాడు. మాడుగుల కొండల్లో పడితే శారదకు, నర్సీపట్నం ఎగువ కొండల్లో పడితే వరాహకు నీళ్ళొచ్చే యలమంచిలివాళ్ళకు ఈ సంగతి ఎవరూ విడమరిచి చెప్పక్కర్లేదు.

కథలోకి వద్దాం. సముద్రానికి అధిపతి యామ్. దేవతలందరికీ తండ్రి ఏల్, ముసలివాడు, నెమ్మదస్తుడు. యామ్ దూతలు కొలువుకొచ్చి బయలును బానిసగా అప్పగించమంటారు. దేవతలు తలలు మోకాళ్ళ మీద వాల్చేస్తారు. ఏల్ కూడా సరేనంటాడు. బయలు ఒక్కడే తిరగబడతాడు. దేవశిల్పి కోతర్ అతడికి రెండు గదలు చేసిచ్చి, మనిషికి పేరు పెట్టినట్టు వాటికి పేర్లు పెడతాడు. మొదటిది యామ్ భుజాల మీద పడుతుంది, వాడు చలించడు. రెండోది కళ్ళ మధ్య పడుతుంది, వాడు కూలిపోతాడు. సముద్రం మీద గెలిచిన దేవుడు గనకనే ఓడలవాళ్ళకూ ఆయనే దిక్కయ్యాడు. ఉగారిత్‌లో బయలు గుడి దగ్గర తవ్వితే పదిహేడు రాతి లంగర్లు దొరికాయి. గండం గడిచి ఒడ్డుకు చేరినవాళ్ళు మొక్కు చెల్లించినవి కాబోలు. అదే గుడిలో మామి అనే ఐగుప్తు అధికారి సఫోను కొండ మీద ఉండే బయలుకు సమర్పించిన శిల కూడా ఉంది. పరదేశపు ఉద్యోగి సైతం ఊరి దేవుడికి దండం పెట్టాల్సిందే.

గెలిచాక బయలుకు ఒక వెలితి. మిగతా దేవతలకు ఇళ్ళున్నాయి, తనకు లేదు. సిఫారసులు నడిపి ఏల్ అనుమతి తెచ్చుకుంటాడు. దేవదారు, వెండి, బంగారం పోగుచేసి ఆరు రోజులు మంట పెడితే ఏడో రోజుకు వెండి బంగారాలు ఇటుకలవుతాయి. కిటికీ పెడదామంటాడు కోతర్. బయలు వద్దంటాడు. కోతర్ నవ్వి, నా మాటకే వస్తావులే అంటాడు. అలాగే వస్తాడు. కిటికీ తెరవగానే మేఘాల్లో చీలిక పడి, బయలు గొంతు ఉరుమై భూమి అదురుతుంది. ఇల్లు కట్టుకున్న ప్రతివాడికీ మేస్త్రీతో ఈ కిటికీ పేచీ అనుభవమే.

అక్కడి నుంచి కథ చీకట్లోకి దిగుతుంది. మోత్ అంటే చావు. వాడి ఒక పెదవి నేల మీద, ఒక పెదవి ఆకాశాన. బయలు తన మబ్బుల్నీ గాలినీ వాననూ కూతుళ్ళనూ వెంటబెట్టుకుని ఆ నోట్లోకి దిగిపోతాడు. కబురు విన్న ఏల్ సింహాసనం దిగి పాదపీఠం మీద, పాదపీఠం దిగి నేల మీద కూర్చుంటాడు. నెత్తిన దుమ్ము పోసుకుంటాడు, రాతితో ఒళ్ళు కోసుకుంటాడు. ఖాళీ సింహాసనం మీదికి అథ్తర్ అనే దేవుణ్ణి ఎక్కిస్తే కాళ్ళు పీటకు అందవు, తల పైఅంచు దాకా రాదు. తనకు తనే దిగిపోతాడు. బయలు చెల్లెలు అనాతు మోత్‌ను పట్టుకుని కత్తితో కోసి, చేటతో చెరిగి, నిప్పుల్లో కాల్చి, తిరగట్లో విసిరి, పొలంలో చల్లుతుంది. ఇది యుద్ధ వర్ణన కాదు, కళ్ళం పనుల వరస. కోత నుంచి విత్తు దాకా అందులో ఉంది. ఆకాశం నూనె కురిసినట్టు, వాగుల్లో తేనె పారినట్టు ఏల్‌కు కల వస్తుంది. బయలు బతికాడని తెలుస్తుంది.

ఏడో ఏట మోత్ మళ్ళీ వస్తాడు. ఏటేటా తిరిగే రుతువుల కథే ఇదని కొందరు పండితులంటే, ఏడేళ్ళ లెక్క ఏడాదికి ఎలా సరిపోతుందని మరికొందరు అడ్డుపడ్డారు. నాకు రెండోవారి వాదనే సబబనిపిస్తుంది. రైతును చంపేది ఏటా వచ్చే ఎండాకాలం కాదు. వచ్చిన ప్రతిసారీ వెళ్ళిపోతుందని నమ్మకం లేని కరువు.

ఉగారిత్‌లో 1932లో దొరికిన రాతి పలక ఒకటి పారిస్ లూవ్ర్ మ్యూజియంలో ఉంది. మనిషి ఛాతీ ఎత్తు, 142 సెంటీమీటర్లు. బయలు అందులో నడుస్తున్న భంగిమలో ఉంటాడు. నెత్తిన కొమ్ముల కిరీటం, ఎత్తిన కుడిచేతిలో గద. ఎడమచేతి బల్లెం మొన నేలకు గుచ్చి ఉంటే రెండో కొస మొక్కలా రెమ్మలు వేసింది. పిడుగూ పచ్చదనమూ ఒకే ఆయుధంలో. చేతి కింద, ఒరకు ఆనుకుని, బొటనవేలంత రాజు నిలబడి ఉన్నాడు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను వచ్చిపోయాక ఈ జిల్లాలవాళ్ళకు ఆ బొమ్మ అర్థం చెప్పాల్సిన పనిలేదు. చెట్టు పెంచేదీ, చెట్టు కూల్చేదీ ఒక్క గాలే.

ఇప్పుడు కర్మెలు కొండకు తిరిగి వెళ్తే కథ మరోలా కనిపిస్తుంది. ఆ పందేనికి ముందు దేశంలో మూడేళ్ళ కరువు. అహాబు రాజు భార్య యెజెబెలు సీదోను ఆడపడుచు, బయలు భక్తురాలు. వానదేవుడి రాజ్యంలోనే వాన లేదంటే దెబ్బ ఎక్కడ పడిందో తెలుస్తూనే ఉంది. మీ దేవుడు ప్రయాణంలో ఉన్నాడేమో, నిద్రపోతున్నాడేమో అని ఏలీయా వెటకారం చేస్తాడు. ఉగారిత్ పలకలు చదివితే అది ఊరికే అన్న మాట కాదు. బయలు నిజంగానే వెళ్ళిపోయే దేవుడు, ఆ సంగతి వాళ్ళ కథే చెప్పింది. పూజారులు ఒళ్ళు కోసుకోవడం మనకు పిచ్చిగా అనిపిస్తుంది కానీ చనిపోయిన బయలు కోసం ఏల్ చేసింది కూడా అదే. చివరికి సముద్రం మీద మనిషి చెయ్యంత మబ్బు లేస్తుంది, వాన దంచేస్తుంది. నిప్పు పందెం నడిమి అంకం, తీర్పు వానదే.

గెలిచినవాళ్ళు ఓడినవాడి సొత్తును వదులుకోలేదు. మబ్బుల మీద స్వారీ చేసేవాడు అనేది బయలు బిరుదు. కీర్తనల గ్రంథంలో యెహోవాకూ మేఘాలే వాహనం. 29వ కీర్తనలో ఉరుము గొంతు దేవదారు చెట్లను విరిచేస్తుంది. అంతకుముందు ఇశ్రాయేలీయులు ఆ పేరు తమ పిల్లలకు పెట్టుకున్నవాళ్ళే. సౌలు రాజు కొడుకు ఎష్బయలు. తర్వాతి లేఖకులు ఆ పేరులో బయలును చెరిపి సిగ్గు అనే మాట చేర్చి ఇష్బోషెతు అన్నారు.

మన ఇంద్రుడికీ దాదాపు ఇదే గతి పట్టింది, కాకపోతే కాస్త మర్యాదగా. భాగవతంలో నందుడు ఇంద్రయాగానికి సరంజామా సిద్ధం చేస్తుంటే కృష్ణుడు అడ్డుపడి, మన పశువుల్ని మేపేది ఈ కొండ, దీనికి పూజ చేద్దాం అంటాడు. ఇంద్రుడు ఏడు రోజులు రాళ్ళవాన కురిపించి, కొండ గొడుగు కింద ఒక్క దూడ కూడా తడవకపోయేసరికి దిగొచ్చి క్షమాపణ కోరతాడు. అక్కడా కొండే, ఇక్కడా కొండే. అక్కడ పూజారులను కీషోను వాగు దగ్గర వధించారు, ఇక్కడ ఓడినవాడు స్వర్గంలో ఉద్యోగం నిలబెట్టుకున్నాడు. అయినా వానలు పడకపోతే మన పల్లెల్లో ఇంద్రుణ్ణి పిలిచేవాళ్ళు తక్కువ. రోకలికి వేపమండలు చుట్టి, నడిమిన కప్పను కట్టి, ఇద్దరు పిల్లలు భుజాల మీద మోస్తూ గడపగడపకూ వెళ్తే ఇల్లాళ్ళు బిందెతో నీళ్ళు కుమ్మరిస్తారు. లేదా విరాటపర్వం చదివిస్తారు. ధర్మరాజు ఉన్నచోట వానలు వేళకు పడతాయని భీష్ముడు చెప్పింది ఆ పర్వంలోనే.

ఇంద్రుడూ బయలూ ఒకరేనని తేల్చెయ్యడం తొందరపాటు. వాళ్ళ పుట్టుకలు వేరు, భాషా కుటుంబాలు వేరు. ఇరుగుపొరుగున కాపురం చేశారన్నది మాత్రం నిజం. టర్కీలోని బొఘాజ్‌కోయ్‌లో దొరికిన క్రీ.పూ. 14వ శతాబ్దపు ఒప్పందం ఒకటి ఉంది. హిత్తీయ రాజు సుప్పిలులియుమ, మితన్ని రాజు షత్తివాజ మధ్య రాసుకున్నది. సాక్షులుగా పిలిచిన దేవతల్లో మిత్రుడు, వరుణుడు, ఇంద్రుడు, నాసత్యులు కనిపిస్తారు. అదే జాబితాలో తెషుబ్ అనే తుపాను దేవుడూ ఉన్నాడు. ఆ తెషుబ్ నివాసంగా మితన్ని ప్రజలైన హుర్రీలు చెప్పుకున్నది బయలు ఉండే సఫోను కొండే.

సఫోను ఇప్పటి జెబెల్ అక్రా. సిరియా టర్కీ సరిహద్దులో సముద్రంలోంచే లేచినట్టుండే 1,700 మీటర్ల కొండ. ఉగారిత్ పోయాక గ్రీకులొచ్చి అక్కడ జియస్ కాసియోస్ అన్నారు. రోమన్ చక్రవర్తి హేడ్రియన్ సూర్యోదయం చూద్దామని రాత్రికి రాత్రి ఎక్కి బలి ఇవ్వబోతే, తుపాను వచ్చి పిడుగు బలిపశువునూ బలి ఇచ్చేవాణ్ణీ కూడా కొట్టిందని అతడి చరిత్ర రాసినవారు చెప్పుకున్నారు. తర్వాత క్రైస్తవ సన్యాసులు అక్కడ బర్లామ్ పేరిట మఠం కట్టారు. ఎడారి పట్నం పల్మీరాలో ఈ దేవుడికి ఆకాశ దొర, అంటే బాల్‌షామిన్ పేరుతో ఒక చిన్న గుడి దాదాపు రెండు వేల ఏళ్ళు నిలిచింది. చర్చిగా మారి కూడా పడిపోలేదు. 2015 ఆగస్టులో ఐసిస్ దాన్ని మందుపాతరలతో పేల్చేసింది.