బి. నర్సింగరావు

చిత్రకారుడు, సినీ దర్శకుడు. 1946లో నేటి సిద్దిపేట జిల్లా ప్రజ్ఞాపూర్‌లో పుట్టి, హైదరాబాద్‌లో లలితకళలు చదివారు. గౌతమ్ ఘోష్ దర్శకత్వం వహించిన 'మాభూమి'కి నిర్మాత. నర్సింగరావు సినిమాలను ఆ చిత్ర వస్తువైన తెలంగాణ సాయుధ పోరాట చరిత్రకు కొనసాగింపుగానే చూడటం రివాజు. అది సగం నిజమే. 'రంగుల కల' (1983)లో ఆయనే చిత్రకారుడి పాత్ర వేసి, బొమ్మలు గీసేవాడికి జనంతో ఉండాల్సిన సంబంధమేమిటని అడిగారు. 'మా ఊరు' డాక్యుమెంటరీలో తెలంగాణ పల్లె బతుకునే కథావస్తువు చేసుకున్నారు. నినాదం కన్నా జ్ఞాపకమే ఆయనకు ముడిసరుకు.

'దాసి' (1988) చూస్తే ఈ మాట తేలుతుంది. దొర గడీలో చాకిరీ చేసే కమలాక్షికి మాటలు తక్కువ. కడుపులో బిడ్డను ఉంచుకునే హక్కు కూడా ఆమెకు లేదు. దొరతనం ఎంతటిదో ఉపన్యాసం లేకుండానే, ఆ మౌనంలోంచే తెలుస్తుంది. సినిమాలోని దృశ్యశోభ కెమెరా పట్టిన ఎ.కె. బీర్‌ది, కళాదర్శకుడు తోట వైకుంఠంది కదా అనవచ్చు. వారి వాటా కాదనలేనిది, ఇద్దరికీ జాతీయ పురస్కారాలూ దక్కాయి. అయితే గడీ లోకాన్ని కట్టే పని తెలంగాణ పల్లె మనుషుల చిత్రకారుడైన వైకుంఠానికి అప్పగించడం దర్శకుడి నిర్ణయమే. కమలాక్షి పాత్రకు అర్చన ఉత్తమ నటిగా జాతీయ పురస్కారం అందుకున్నారు.