ఒక్క గొంతు, వంద మంది

పిల్లలు ఇంటికొచ్చిన చుట్టాల మాటతీరును అచ్చంగా దింపేస్తే ముందు అందరం నవ్వుతాం. ఆ వెంటనే "పెద్దవాళ్లను వెక్కిరిస్తవా?" అని గదమాయిస్తాం. అలా గదమాయింపులతో ఆగిపోవాల్సిన విద్యను యూనివర్సిటీలో పాఠం దాకా తీసుకెళ్లిన మనిషి మన పక్క జిల్లా వాడే. చొప్పదండి నుంచి కరీంనగర్ మీదుగా పోతే వచ్చే వరంగల్లు ఆయన ఊరు. ఆయనే నేరెళ్ల వేణుమాధవ్ గారు.

ఆయన 1932 డిసెంబరు 28న పుట్టారు. తెలుగు సినిమాకు అప్పుడప్పుడే మాటలొస్తున్నాయి. ఆ తర్వాత మూడేళ్లకు, 1935లో, హైదరాబాదులో నిజాం ప్రభుత్వ రేడియో మొదలైంది. ఈ రెండూ రాకపోయి ఉంటే వేణుమాధవ్ గారు కూడా ఉండేవారు కాదేమో అనిపిస్తుంది నాకు. ఎందుకో చెప్తాను.

గొంతులు మార్చే కళ మనకు కొత్తదేం కాదు. ఒగ్గు కథ చెప్పే ఆయన ఒక్కడే రాజవుతాడు, రాణవుతాడు, ఏడ్చే తల్లవుతాడు. పగటి వేషగాళ్లు, పిట్టలదొర మన వాకిళ్లలోకి వచ్చినవాళ్లే. అయితే వాళ్లు చేసిన రాజు గొంతు నిజంగా ఎట్లుండేదో ఎవరికీ తెలియదు. ఊళ్లో పటేలు గొంతును దింపితే ఆ ఊరివాళ్లే నవ్వుతారు, పక్క ఊళ్లో ఎవరికీ అర్థం కాదు. రేడియో, సినిమా వచ్చాక మొదటిసారి వేల ఊళ్లకు ఒకే గొంతులు తెలిశాయి. చిత్తూరు నాగయ్య పలికితే వరంగల్లులోనూ, విజయవాడలోనూ, మద్రాసులోనూ గుర్తుపట్టారు. అసలు గొంతు అందరికీ తెలిసినప్పుడే కదా, దానికి అచ్చు దించినవాడి గొప్పతనం తెలిసేది!

చిన్నప్పటి వేణుమాధవ్ గారు ఆ నాగయ్య, వేమూరి గగ్గయ్య లాంటి నటుల గొంతులే పట్టుకున్నారు. 1947లో, ఇంకా మీసాలు సరిగ్గా రాని వయసులో, ప్రదర్శనలు మొదలుపెట్టారు. బడిలో పంతులుగా పనిచేస్తూనే కళను సాగించారు. తెలుగు, ఉర్దూ, హిందీ, ఇంగ్లీషు, ఏ భాషలో వింటే ఆ భాషలో చేసేవారు. 'టెన్ కమాండ్‌మెంట్స్' లాంటి ఇంగ్లీషు సినిమా ఘట్టాలను మాటలు, సంగీతం, చప్పుళ్లతో సహా ఒక్క నోటితో వినిపించేవారు. 1971లో అమెరికాలో ఐక్యరాజ్యసమితి కార్యాలయంలో ప్రదర్శన ఇచ్చారు.

రేడియోలో ఈ కళకు ఒక చిక్కుంది. వేదిక మీదైతే ఒక్కడే మనిషి కళ్లముందుంటాడు కాబట్టి ఆశ్చర్యపోతాం. రేడియోలో పది గొంతులు వినిపిస్తే పదిమంది వచ్చి మాట్లాడుతున్నారనుకుంటాం. అంటే ఎంత బాగా చేస్తే చేసినవాడు అంతగా మాయమైపోతాడు! 1977లో హైదరాబాదు దూరదర్శన్ వచ్చాక ఆ కొరత తీరింది. పెదవి ఒకటే, గొంతులు వేరని ఇంట్లో కూర్చునే చూడొచ్చు.

దీని గురించి ఆలోచిస్తే మా ఆడబిడ్డ గుర్తొస్తుంది. చనిపోయిన మా అమ్మమ్మత్తగారి గొంతు ఆమెకు అచ్చంగా వస్తుంది. పండుగకు అందరం చేరినప్పుడు "ఓ పోరీ, పొయ్యి మీద పాలు జూసినవా?" అంటే వంటింట్లో ఉన్నవాళ్లం ఉలిక్కిపడతాం. నవ్వుతాం. తర్వాత కాసేపు ఎవరం మాట్లాడం. ఫొటో చూస్తే రాని కన్నీళ్లు ఆ ఒక్క మాటకు వస్తాయి. అలా పలకాలంటే ఆ ముసలమ్మను ఎన్నేళ్లు, ఎంత శ్రద్ధగా విని ఉండాలి! వెక్కిరించేవాడు ఎదుటివాళ్ల లోపం ఒక్కటే పట్టుకుంటాడు. అనుకరించేవాడు ఊపిరి ఎక్కడ తీసుకుంటారో, ఏ మాట దగ్గర ఆగుతారో కూడా వింటాడు.

వేణుమాధవ్ గారికి ఆ తేడా తెలుసు. అందుకే దాన్ని కాలక్షేపంగా వదిలెయ్యకుండా తెలుగు విశ్వవిద్యాలయంలో విద్యార్థులకు నేర్పారు. 1972 నుంచి 1978 దాకా శాసనమండలి సభ్యుడిగా ఉన్నారు. 2001లో పద్మశ్రీ వచ్చింది. ఇంత పేరొచ్చినా ఓరుగల్లును వదల్లేదు. 2018 జూన్ 19న అక్కడే కన్నుమూశారు. హన్మకొండలో ఆయన పేరుతో కళాప్రాంగణం ఉంది. ఆయన పుట్టినరోజును మిమిక్రీ కళాకారులు తమ పండుగగా చేసుకుంటారు.

ఇప్పుడు ఫోన్లోనే ఎవరి గొంతైనా తయారుచేసే యంత్రాలొచ్చాయి. అవి గొంతును దింపుతాయేమో గానీ, మనల్ని ఇష్టంగా వినవు. వినే చెవి మన పిల్లల్లో ఎవరికైనా ఉంటే, మందలించే ముందు ఒక్క క్షణం ఆగి, ఏం విన్నారో ఎట్లా విన్నారో అడిగి చూడండి.