నేలమీద నిప్పు

ఇంటిలో నిప్పును ఎక్కడ ఉంచవలెను? ఈ ప్రశ్నకు మన పూర్వులు తడుముకొనక చెప్పిన సమాధానము ఒక్కటే: నేలమీద. పొయ్యి నేలమీదనే యుండెను. చలికాలపు కుంపటియు, దేవుని యెదుటి దీపపు సెమ్మెయు, ఊదువత్తులును నేలమీదనే. బీడీ కాల్చినవారు తుదిముక్కను నేలకు రాచి ఆర్పెడివారు. భయమంతయు పైకప్పును గూర్చియే. వేసవిగాలికి గడ్డికప్పుపై నిప్పురవ్వ పడునేమో యని వెఱచిరే గాని, కాలిక్రింది నేల అంటుకొనునని ఎవ్వరును తలపలేదు.

బాన్సువాడ ప్రాంతపు ఇండ్లను తలచుకొన్నచో ఈ నమ్మకము ఎట్లు పాతుకొనెనో తెలియును. మొదట పేడతో అలికిన మట్టినేల. కలిగినవారి ఇండ్లలో సున్నపు గచ్చు. 1874 లో వాడి - సికిందరాబాదు రైలుమార్గము తాండూరు మీదుగా ఏర్పడిన పిమ్మట ఆ ప్రాంతపు బండలు దూరపు ఊళ్లకు చేరుట సులభమయ్యెను. 1931 నాటికి మంజీరపై నిజాంసాగరు ఆనకట్ట పూర్తియై, బాన్సువాడ పొలములకు కాలువనీరు అందినది. వరిపంటతో పాటు ఇండ్లును మారినవి. షాబాదు బండలు, సిమెంటు, మొజాయిక్, పింగాణి పలకలు ఒకదాని వెనుక నొకటి వచ్చినవి. ఇన్ని మారినను నేలకు ఒక గుణము మాత్రము మారలేదు: అది మండదు.

ఆ గుణము ఇప్పుడు మారినది. కొయ్యవలె కనబడు లామినేట్ నేలను 1977 లో స్వీడను దేశమున పెర్‌స్టార్ప్ సంస్థ రూపొందించెను. చూచుటకు అది టేకుపలక. నిజమునకు కాగితముపై అచ్చువేసిన టేకుబొమ్మ. బొమ్మపై గట్టి మెలమిన్ పొర. క్రింద కొయ్యపీచును జిగురుతో కలిపి వత్తిన దట్టమైన పలక. అడుగున చప్పుడు తగ్గించు నురుగుపొర. పాత బండలపైననే దీనిని పరచుకొనవచ్చును గనుక పని సులువు.

పై పొర గట్టిది గనుక ఊదువత్తి నిప్పు పడినంతనే మంట రేగదు. మచ్చ పడి ఊరకుండును. కాని గదిలో వేరొకటి అంటుకొని పైనుండి వేడి క్రమ్మినపుడు ఆ నేలయే వంటచెఱకగును. ఐరోపాలో నేలపలకలను పరీక్షించుటయు ఇట్లే. వాటిపై వేడిని ప్రసరింపజేసి, మంట ఎంతదూరము ప్రాకి ఎచ్చట ఆరునో కొలుతురు. చదరపు మీటరునకు 8 కిలోవాట్ల వేడి వరకు మంటను ప్రాకనీయనిది బి తరగతి, 4.5 వరకైనచో సి. 3 వరకైనచో డి. పొగ తక్కువ వచ్చుదానికి ఎస్ 1 అను గుర్తు వేయుదురు.

మంటకంటె పొగ ప్రమాదకరము. కొయ్యపీచు కాలునపుడు కార్బన్ మోనాక్సైడును, జిగురులోని నత్రజని వలన హైడ్రోజన్ సయనైడును పుట్టును. 2025 మే 18 న హైదరాబాదు గుల్జార్ హౌజ్ వద్ద ఒక ఇంట అగ్నిప్రమాదమున 17 మంది మరణించిరి. వారిలో 8 మంది పిల్లలు. అది నేలపలకల వలన జరిగినదని మేము చెప్పుట లేదు. మంట తాకకముందే పొగ ఎట్లు ఊపిరి తీయునో ఆ ఉదయము మనకు తెలిపినది.

కనుక ఇల్లు అలంకరించుకొనువారిని వలదనుట మా ఉద్దేశము కాదు. కొనునపుడు పెట్టెపైనున్న తరగతిని చూడుడు. వంటయింట రాతినేలనే ఉంచుడు. విద్యుత్తు తీగలను పలకల క్రింద పోనీయకుడు. కుంపటిని అట్టి నేలపై దింపకుడు; బీడీముక్కకు మట్టిమూకుడు పెట్టుడు. మంట రేగినచో నేలకు వంగి బయటపడి 101 కు తెలుపుడు.

పాత ఇంటినుండి తీసివేసిన షాబాదు బండ పెరటిలో ఒకటైన పడియుండును. దానిని కడిగి తెచ్చి దేవుని దీపము క్రింద పెట్టుకొనుడు.