హెక్టర్ చెప్పకుండా వెళ్లిన పాస్‌వర్డ్

ముప్పై ఏళ్ల కొలువు ముగించుకుని హెక్టర్ ఇంటికి వెళ్లిపోయాడు. ఆయన సీటు ట్రాయ్‌కి వచ్చింది. దాంతోపాటు ఆటోమేషన్ డైరెక్ట్ వాళ్ల పాత పీఎల్‌సీ (మిషన్‌ను నడిపే కంట్రోలర్) కూడా, డైరెక్ట్‌లాజిక్ 06. లాడర్ ప్రోగ్రామ్‌లో చిన్న మార్పు చేయాలి. కేబుల్ తగిలించాడు. పాస్‌వర్డ్ అడిగింది. హెక్టర్ ఎక్కడా రాసిపెట్టలేదు.

నెట్‌లో గాలిస్తే 'ఏ పీఎల్‌సీ లాకైనా తీస్తాం' అనే ప్రకటన కనిపించింది. సీమెన్స్, మిత్సుబిషి, ఓమ్రాన్... బ్రాండ్ల పేర్లు చాంతాడంత. సాఫ్ట్‌వేర్ కొన్నాడు, బటన్ నొక్కాడు. పాస్‌వర్డ్ ఎదురుగా ప్రత్యక్షం!

ఈ ఇద్దరి పేర్లూ కల్పితం. పారిశ్రామిక సైబర్ భద్రత చూసే అమెరికా సంస్థ డ్రాగోస్ 2022 జులైలో తన నివేదికలో పెట్టుకున్నవి. (ట్రోజన్ గుర్రం గుర్తొస్తే ఆ చమత్కారం వాళ్లదే.) సాఫ్ట్‌వేర్ మాత్రం నిజం, మామూలు తనిఖీలో వాళ్ల చేతికి చిక్కింది. విప్పి చూస్తే అది లాకును పగలగొట్టనే లేదు. పీఎల్‌సీలోని లోపాన్ని పట్టుకుని సీరియల్ కేబుల్ గుండా ఒక ఆదేశం పంపితే, పీఎల్‌సీయే పాస్‌వర్డ్‌ను అప్పజెప్పింది. ఆ లోపాన్ని ఆటోమేషన్ డైరెక్ట్ తర్వాత సరిచేసింది.

అసలు సరుకు ఆ సాఫ్ట్‌వేర్ అడుగున ఉంది. సాలిటీ అనే వైరస్. యాంటీవైరస్‌ను చంపుతుంది, పెన్‌డ్రైవ్‌లు పట్టుకుని పక్క కంప్యూటర్లకు పాకుతుంది. అర సెకనుకోసారి క్లిప్‌బోర్డు చూసి, అందులో క్రిప్టో ఖాతా చిరునామా ఉంటే దొంగ చిరునామాతో మార్చేస్తుంది. కంప్యూటర్ ప్రాసెసర్ వంద శాతానికి ఎగబాకినా, విండోస్ హెచ్చరికలు వరసగా వచ్చినా, పాస్‌వర్డ్ దొరికిన సంబరంలో ఎవరు పట్టించుకుంటారు?

ట్రాయ్ పడిన ఇబ్బంది మన దగ్గరా ఎదురవుతుంది. పెనుకొండ దగ్గర ఎర్రమంచిలో 2019లో కార్ల తయారీ మొదలుపెట్టిన కియా స్థాయి కర్మాగారాలకు సర్వీసు ఒప్పందాలు మామూలే. హిందూపురం తూముకుంటలో పాత మిషన్ కొన్న చిన్న యజమానికో, ధర్మవరంలో ఎలక్ట్రానిక్ జకార్డు మగ్గం నడిపేవాళ్లకో ఆ వెసులుబాటు తక్కువ. అమ్మినవాడు బాకీ తేలేదాకా పాస్‌వర్డ్ ఇవ్వనంటాడు, లేదా దుకాణమే ఎత్తేసి ఉంటాడు.

ఇలా చిక్కుకుంటే ముందు కొనుగోలు ఒప్పందం తీయండి. మిషన్ మనదైనా ప్రోగ్రామ్ మీద హక్కు తయారీదారుదై ఉండొచ్చు. ఇతరుల కంట్రోలర్‌లోకి దురుద్దేశంతో చొరబడితే ఐటీ చట్టం సెక్షన్ 66 కింద మూడేళ్ల దాకా జైలు. బిల్లు, సీరియల్ నంబరు జతచేసి తయారీదారుకు ఉత్తరం రాయండి. మిషన్ బిగించిన ఇంజినీరు పాత ల్యాప్‌టాప్‌లో ప్రోగ్రామ్ కాపీ ఉందేమో అడగండి.

ఏదీ దొరక్కపోతే పీఎల్‌సీలోని ప్రోగ్రామ్‌ను చెరిపేయడమే. సీమెన్స్ ఎస్7-200 మాన్యువల్‌లోనే ఈ దారి ఉంది: పాస్‌వర్డ్ అడిగినచోట 'క్లియర్‌పీఎల్‌సీ' అని కొడితే లాకూ పోతుంది, ప్రోగ్రామూ పోతుంది. దొంగకు ఏమీ దక్కదు, యజమానికి ఖాళీ పెట్టె దక్కుతుంది. నాకైతే ఇదే న్యాయంగా తోస్తుంది. కాకపోతే ప్రోగ్రామ్ మళ్లీ రాయించాలి. అందుకే చెరిపేముందే, మిషన్ నడుస్తుండగానే ఏ సెన్సర్ ఏ ఇన్‌పుట్‌కు, ఏ వాల్వు ఏ అవుట్‌పుట్‌కు వెళ్తుందో, ఏ టైమర్ ఎన్ని సెకన్లో రాసుకోవాలి.

కొత్త ప్రోగ్రామ్ ఎక్కించాక మోటార్ల కరెంటు, గాలి లైను రెండూ కట్టేసి, మోటార్ల స్విచ్‌కు తాళం వేసి, కంట్రోల్ సప్లై ఒక్కటే ఇచ్చి ఇన్‌పుట్లు ఒక్కొక్కటే నొక్కి చూడాలి. ఎమర్జెన్సీ స్టాప్‌తో మొదలుపెట్టాలి.