ఎర్రగుడి రాయి, ఇల్లు లేని సిపాయి

మా బళ్లారి నుంచి గుంతకల్లు, గుత్తి మీదుగా పోతే కర్నూలు జిల్లాలో ఎర్రగుడి బండలు వస్తాయి. అశోకుడి 14 పెద్ద శాసనాలూ అక్కడ బ్రాహ్మీ లిపిలో ఉన్నాయి. 1953లో బళ్లారి మైసూరు రాష్ట్రంలో కలిసింది, నడుమ సరిహద్దు పడింది. అయినా మాకది పొరుగూరి రాయే.

13వ శాసనంలో కళింగ లెక్క ఉంది. లక్షన్నర మందిని పట్టుకుపోయారు, లక్ష మందిని చంపారు, అంతకు ఎన్నో రెట్లు తర్వాత పోయారు. రాజు బాధపడ్డాడు. కన్నడ బడిలో మేమూ ఇదే చదివాం. బడిలో చెప్పనిది ఒకటుంది: కళింగలోని ధౌలి, జౌగడ బండల మీద ఈ శాసనం చెక్కించలేదు. బదులుగా, ప్రజల్ని బిడ్డల్లా చూడమని అధికారులకు చెప్పే రెండు శాసనాలు ఉన్నాయి. దెబ్బ తిన్నవాళ్ల ముందు మాత్రం పశ్చాత్తాపం మాట లేదు.

సరే, రాజు బాధ రాయికెక్కింది. కత్తి పట్టిన సిపాయి బాధ ఏమైంది? కళింగ సిపాయిల మాట ఒక్కటీ మిగల్లేదు. అందుకే మన కాలపు సిపాయి ఒకరి కథ ఇక్కడ రాస్తున్నాం.

క్లాడ్ ఆన్‌షిన్ థామస్ అమెరికా సైనికుడు. 1966-67లో వియత్నాంలో హెలికాప్టర్ మీద తుపాకీ పట్టాడు. ఎంతోమంది చావుకు తానే కారణమని తనే చెప్పుకున్నాడు. ఇంటికొచ్చాక నిద్ర పోయింది, మత్తు అలవాటైంది, కొంతకాలం తలదాచుకోను ఇల్లు కూడా లేకపోయింది. ఇలాంటి గాయానికి అమెరికా వైద్యులు పీటీఎస్‌డీ అని పేరు పెట్టిందే 1980లో.

1990 ప్రాంతంలో ఆయన వియత్నాం భిక్షువు తిక్ న్యాట్ హాన్‌ను కలిశాడు. ఫ్రాన్స్‌లోని ఆ గురువు ఆశ్రమానికి పోయి, ఒకప్పుడు శత్రువులనుకున్న వియత్నాం వాళ్ల మధ్యనే బతికాడు. తర్వాత పోలండ్‌లోని ఆష్‌విట్జ్ నుంచి వియత్నాం దాకా సాగిన శాంతి యాత్రలో నడిచాడు. 1995లో జెన్ భిక్షువయ్యాడు. ఆ తర్వాతి యాత్రల్లో చేతిలో డబ్బు లేకుండా, తిండీ పడకా అడుక్కుంటూ నడిచాడు. ఒకప్పుడు ఇల్లు లేకపోవడం ఆయనకు శిక్ష, తర్వాత అదే దీక్ష అయింది.

గాయం పూర్తిగా మానిందని ఆయన అనడు. దానితో బతకడం నేర్చుకున్నానంటాడు.

అశోకుణ్ణి మేం తక్కువ చెయ్యడం లేదు. యుద్ధం గెలిచి తప్పు ఒప్పుకున్న రాజులు ఎందరున్నారు? కానీ ఆ ఒప్పుకోలు కళింగ బండ మీద లేదు. థామస్ మాత్రం వియత్నాం దాకా పోయాడు. ఈసారి ఎర్రగుడి పోయినప్పుడు మా పిల్లలకు ఈ రెండు కథలూ కలిపే చెప్పాలనుకున్నాం.